చప్పట్ల ముల్లు

తనకి ఎదురుగా నిలబడి వాదించే మనిషిని చాముండేశ్వరి తనే వెతికి తెచ్చుకుంది. ఈ సంగతి ముందే చెప్పేయాలి. ఆ తర్వాత హాలు మొత్తాన్ని దులిపేసినా, రేడియో వాళ్ళని శాపనార్థాలు పెట్టినా, ఆ మొదటి పని మాత్రం ఆమె చేతులారా చేసుకున్నదే.

ఆ కార్యక్రమం పేరు 'ఓపెన్ ఫ్లోర్'. రెండో ప్రపంచ యుద్ధం ముగిసిన మరుసటేడు అమెరికాలో మొదలైందట. ఊరి హాల్లో జనాన్ని కూర్చోబెట్టి, దేశాన్ని తొలిచే ప్రశ్న ఒకటి పట్టుకుని, అటొకరు ఇటొకరు వాదిస్తే, ఇళ్ళల్లో జనం రేడియోల ముందు చెవులప్పగించి వినేవాళ్ళట. అణుబాంబు గుట్టు పక్క దేశాలకి చెప్పాలా వద్దా? యుద్ధం రోజుల్లో ఫ్యాక్టరీలకెళ్ళిన ఆడవాళ్ళు మళ్ళీ వంటింట్లోకి పోవాలా? యూరప్‌లో కొంపాగోడూ పోయిన శరణార్థుల్ని లోపలికి రానివ్వాలా? తీర్పు చెప్పేది జడ్జీ కాదు, జనం కొట్టే చప్పట్లు. వాటిని కొలవడానికి ఒక చెక్కపెట్టె. పెట్టెకి గాజు ముఖం, దాని వెనక సున్నా నుంచి వంద దాకా తిరిగే ముల్లు. టీవీ వచ్చి ఆ కార్యక్రమాన్ని మింగేసింది. ఈ ఏడు రేడియో వాళ్ళు దాన్ని మళ్ళీ లేపి కూర్చోబెట్టారు. పెట్టె అదే. దుమ్ము దులిపి, వైర్లు మార్చి తెచ్చారు.

అక్టోబర్లో ఒక ఆదివారం, మధ్యాహ్నం మూడింటికి, ఎడిసన్‌లోని పాత వెటరన్స్ హాల్లో జరగబోయే చర్చకి ప్రశ్న ఇది: తాత్కాలిక వీసాల మీద వచ్చినవాళ్ళ పిల్లలు ఇరవై ఒకటి నిండాక కూడా ఈ దేశంలో ఉండొచ్చా?

ఉండొచ్చని వాదించేది చాముండేశ్వరి. జెర్సీ సిటీలో ఉంటుంది, సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ చేస్తుంది. మనిషి మాట కత్తి. మీటింగుల్లో మేనేజర్ తప్పు చెబితే అక్కడికక్కడే తప్పంటుంది. హెచ్-వన్ ఉద్యోగ వీసా మీద పదహారేళ్ళు, గ్రీన్ కార్డ్ లైన్లో పదమూడేళ్ళు. భర్త రాజ్ ప్రాజెక్ట్ కోసం డల్లాస్‌లో ఉన్నాడు. కూతురు నిధి నాలుగేళ్ళప్పుడు వాళ్ళతో వచ్చింది. ఇప్పుడు పిస్కాటవే కాలేజీలో నర్సింగ్ మూడో ఏడు. వచ్చే మార్చి పదకొండుకి ఇరవై ఒకటి నిండుతాయి. ఆ రోజుతో తల్లి వీసా నీడ ఆ పిల్ల మీంచి తొలగిపోతుంది. స్టూడెంట్ వీసాకి మారొచ్చు గానీ, అప్పుడు తల్లితోపాటు పదమూడేళ్ళు నిలబడిన లైన్లోంచి పేరు కొట్టేస్తారు. చదువైపోయాక ఈ దేశం ఆ పిల్లకి పరాయి దేశం.

ఇలాంటి పిల్లల కోసం ఒక బిల్లు కదులుతోంది. ఆ జిల్లా కాంగ్రెస్‌మన్, మన ఎంపీ లాంటివాడు, దాని మీద సంతకం పెట్టాలా వద్దా అని నెలల తరబడి నాన్చుతున్నాడు. చాముండేశ్వరి ఆ ఆఫీస్‌కి పదకొండుసార్లు వెళ్ళింది. పదకొండోసారి అక్కడి కుర్రాడు తలుపు దగ్గర నిలబడి చెప్పాడు.

"సార్ ఆ ప్రోగ్రామ్ వింటారు మేడమ్. ఆ హాలు ఎటు మొగ్గితే ఆయనా అటే."

"మాటేనా?"

"సార్ అన్న మాటే చెబుతున్నాను."

అంతే. ఆమెకి తిండి, నిద్ర, ఆఫీసు అన్నీ ఆ హాలే అయిపోయాయి.

అక్కడ వచ్చింది చిక్కు. ఉండకూడదని వాదించే మనిషి దొరకలేదు. ఎదురు మాట్లాడేవాడు లేకపోతే కార్యక్రమమే లేదని నడిపే ఆవిడ డెబ్రా తేల్చేసింది. దక్షిణ జెర్సీ నుంచి ఒకణ్ణి పిలుస్తానంది. వాడు టీవీల్లో అరిచి అరిచి పేరు తెచ్చుకున్నవాడు. వాడొస్తే వాడి జనం బస్సుల్లో వస్తారు. అప్పుడు ఆమెకి తట్టిన మనిషి పద్మనాభం మాస్టారు.

పద్మనాభం గారికి డెబ్భై నాలుగేళ్ళు. నలభై ఆరేళ్ళ కిందట ఇంజినీరుగా వచ్చి, పౌరుడై, రిటైరై, ఇరవై ఏళ్ళుగా ఆదివారం పొద్దున పిల్లలకి తెలుగు చెబుతున్నాడు. చుట్టుపక్కల మూడు ఊళ్ళలో ఏ తెలుగు పిల్లకైనా 'అ' దిద్దించింది ఆయనే. నిధికి కూడా. గొంతు సన్నం. మాట్లాడితే రెండో వరుసకి వినపడదు. ఇంతకన్నా ఏం కావాలి?

క్లాసు అయ్యాక బోర్డు తుడుస్తుంటే పట్టుకుంది.

"మాస్టారూ, మీరు ఆ పక్క మాట్లాడాలి."

"ఏ పక్క? వద్దనే పక్కా?"

"ఆ పక్కే. పది నిమిషాలు. కాగితం చూసి చదివేసినా పర్లేదు. మీరు గాకపోతే ఎవడో నోరున్నవాడు వచ్చి కూర్చుంటాడు."

ఆయన డస్టర్ బల్ల మీద పెట్టాడు. "సరే అమ్మాయ్. నాకూ చెప్పాల్సింది ఉంది" అన్నాడు.

ఆ రెండో మాట ఆమె వినిపించుకోలేదు. అప్పటికే ఫోన్ తీసి డెబ్రాకి మెసేజ్ కొడుతోంది.

ఇక జనం. ఆ పని తెలుగు సంఘం సెక్రటరీ శశికాంత్ నెత్తిన వేసుకున్నాడు. కరీంనగర్ మనిషి. అతని కొడుకు విహాన్‌కి పదిహేడు. అదే వీసా, అదే గండం, నాలుగేళ్ళు ఆలస్యంగా.

"అక్కా, పబ్లిక్ సంగతి నాకొదిలెయ్. మూడు వందల మందిని దింపుతా. పులిహోర ప్యాకెట్లు గూడ చెప్పిన."

"పులిహోర కాదు శశీ, రూల్స్. మాట్లాడ్డం అయ్యాక బెల్ కొడతారు. బెల్ కొట్టిన ఇరవై సెకన్లలో కొట్టే చప్పట్లే ఓటు. నేను మాట్లాడాక చేతులు వాచేలా కొట్టాలి. మాస్టారికి కొట్టకూడదు. వాళ్ళకి తెలుసా?"

"గ్రూప్‌ల వెట్టినవ్ గద. చదువుతరు."

పెట్టింది. తెలుగు సంఘం ఫోన్ గ్రూపులో నలభై లైన్లు పెట్టింది. చిన్నగా రాయడం ఆమెకి రాదు. ఆ నలభై లైన్ల మీద పది నిమిషాల్లో ఎవరో పుట్టినరోజు కేక్ ఫోటో పెట్టారు, దాని మీద అరవై హ్యాపీ బర్త్‌డేలు పడ్డాయి. రూల్స్ ఎక్కడో అడుగున పూడిపోయాయి.

ఆదివారం వచ్చింది. సరిగ్గా మూడింటికి, గడియారం చూసుకుని మరీ, డెబ్రా మైకు ముందుకొచ్చి నియమాలు చదివింది. లైవ్ కదా, ఆగదు. అప్పటికి హాల్లో కుర్చీల్లో మూడోవంతు నిండింది. మనవాళ్ళకి మూడు గంటలంటే మూడున్నర. మిగతావాళ్ళు పార్కింగ్ లాట్లో ఒకరినొకరు పలకరించుకుంటూ, పిల్లల కోట్లు సర్దుకుంటూ, నియమాలు గాల్లో కలిసిపోయాక లోపలికొచ్చారు. డెబ్రా పాత కార్యక్రమం కథంతా చెప్పడం ముగించేసరికి, మూడూ ఇరవైకి, హాలు కిటకిటలాడింది. పట్టుచీరలు, పెర్‌ఫ్యూమ్, ఒళ్ళో పిల్లలు. స్టేజీ మీంచి చూసి చాముండేశ్వరి కడుపు నిండిపోయింది. ఇంతమంది మనవాళ్ళే. ఇంక ఓడేదెట్లా?

నాణెం ఎగరేశారు. మొదట మాట్లాడేది ఆమె.

ఆమె ఉపన్యాసం రాసుకోలేదు. రాసుకున్న మాట నాలుక మీద నిలవదు ఆమెకి. మైకు పట్టుకుని ఇంగ్లీషులో మొదలెట్టింది. ఈ దేశం మా చేత పని చేయించుకుంటుంది, టాక్స్ కట్టించుకుంటుంది, మా పిల్లల చేత రోజూ బడిలో జెండా ముందు గుండె మీద చెయ్యేసి ప్రమాణం చేయిస్తుంది, ఇరవై ఒకటో పుట్టినరోజున పొమ్మంటుంది అంది. తర్వాత నిధి సంగతికొచ్చింది. పోయినేడు హాస్పిటల్ ట్రైనింగులో నిధి ఒక ముసలావిడ చెయ్యి పట్టుకుని తెల్లారేదాకా కూర్చుంది. ఆ ముసలావిడ పోతూ పోతూ, నువ్వు ఇక్కడే ఉంటావుగా అని అడిగింది. ఉంటానని నా కూతురు అబద్ధమాడింది. అక్కడ చాముండేశ్వరికి ఏడుపొచ్చేసింది. ఆమె ఏడవడం ఆ హాల్లో ఎవరూ ఎప్పుడూ చూడలేదు. మైకు వదిలేసి మొహం పక్కకి తిప్పుకుంది.

బెల్ మోగింది.

హాలంతా గుడ్లప్పగించి చూస్తోంది. ఆడవాళ్ళు కొంగులు కళ్ళకి అద్దుకుంటున్నారు. మగవాళ్ళు కళ్ళద్దాలు తీసి తుడుచుకుంటున్నారు. మూడో వరుసలో, చాముండేశ్వరితోపాటు రోజూ మాన్‌హట్టన్ రైలెక్కే అంకిత రెండు చేతుల్లో మొహం దాచుకుని వెక్కుతోంది. ఒక తల్లి ఏడుస్తుంటే చప్పట్లు ఎవడు కొడతాడు? మన ఇళ్ళల్లో ఏడుపు దగ్గర చెయ్యి చరవడం పాపం. వెనక కూర్చున్న నలుగురు అమెరికన్లు, రేడియో స్టేషన్ వాళ్ళు, మర్యాదగా తట్టారు. అక్కడొకటి ఇక్కడొకటి. ఇరవై సెకన్లు గడిచాయి.

చాముండేశ్వరి పెట్టె వైపు చూడలేదు. ఆ కళ్ళనీళ్ళు చూసి గెలిచామనుకుంది. వచ్చి కూర్చుంది.

పద్మనాభం గారు లేచారు. చేతిలో కాగితం లేదు.

"నన్ను ఇక్కడికి రమ్మన్నది చాముండేశ్వరే" అన్నాడు ఇంగ్లీషులో. మైకు ఆ సన్నపు గొంతుని హాలు చివరిదాకా మోసింది. "ముసలాణ్ణి, గొంతు లేనివాణ్ణి అని నన్ను ఎంచుకుంది."

హాలు నవ్వింది. చాముండేశ్వరీ నవ్వింది.

"ఆ లెక్క తప్పేం కాదు. అయితే నేను నాటకం ఆడటానికి రాలేదు. నేను చెప్పేది నమ్మే చెబుతున్నాను."

ఆమె నవ్వు మొహం మీదే ఆగిపోయింది.

"ఈ పిల్లలకి అక్షరాలు నేర్పింది నేను. వీళ్ళలో ఒక్కరు పోయినా నా కడుపు తరుక్కుపోతుంది. కానీ వీళ్ళ తల్లిదండ్రుల్ని ఒక మాట అడగాలి. మీరు విమానం ఎక్కినప్పుడు మీ చేతిలో కాగితం మీద తాత్కాలికం అని ఉందా లేదా? సంతకం ఎవరిది? ఇరవై ఒకటో ఏడు గురించి ఎవరికి తెలుసు? మీకు తెలుసు. పిల్లకి చెప్పారా? చెప్పలేదు. కాలేజీ ఫారం నింపేటప్పుడు తెలిసింది పిల్లలకి. వాళ్ళు మీ దగ్గర ఏడవలేదు. నా క్లాసుకొచ్చి ఏడ్చారు. ఒకరు కాదు, తొమ్మిది మంది. చట్టం కన్నా ముందు వాళ్ళని మోసం చేసింది ఇల్లు."

చాముండేశ్వరి మొదటి వరుసలో కూర్చున్న నిధి వైపు చూసింది. నిధి ఒళ్ళో చేతుల్ని చూసుకుంటోంది. తల ఎత్తలేదు. ఆ తొమ్మిది మందిలో నా కూతురా? ఎప్పుడు? నాతో ఒక్క ముక్క అనలేదే!

ఆయన ఆపలేదు. "ఇంకొక మాట. అడవులు, ఎడారులు దాటి కాగితాల్లేకుండా వచ్చినవాళ్ళ పిల్లల సంగతి వచ్చినప్పుడు, మన పార్టీల్లో ఏమంటారు? రూల్ రూలే, లైన్ తప్పినవాణ్ణి పంపేయాలి అంటారు. నేను విన్నాను. మీ ఇళ్ళల్లో మీ భోజనం తింటూ విన్నాను. ఇవాళ ఆ రూల్ మీ గుమ్మం ఎక్కింది. రూల్ మార్చాలంటే అందరికీ మార్చమని అడగండి. మన పిల్లలకి మాత్రమే అంటే నేను ఒప్పుకోను. నా మాట అయిపోయింది."

చాముండేశ్వరి కుర్చీ చేతులు పట్టుకుని కూర్చుండిపోయింది. ఈ మనిషేనా బోర్డు తుడుచుకునేవాడు? ఇరవై ఏళ్ళు ఇది కడుపులో పెట్టుకుని మన పిల్లలకి గుణింతాలు చెప్పాడా? తప్పు అని అరవాలనుకుంది. ఏది తప్పో వెంటనే తోచలేదు. దానికి ఇంకా భయం వేసింది.

బెల్ మోగింది.

బెల్ మోగీ మోగకముందే పక్క మెట్ల మీంచి శశికాంత్ పరిగెత్తుకుంటూ వచ్చాడు. చేతిలో శాలువా. పెద్దవాళ్ళు స్టేజీ ఎక్కితే శాలువా కప్పకుండా దింపడం ఆ సంఘం పుట్టాక జరగలేదు. అతనికి ఇది చర్చలా కనపడలేదు, సభలా కనపడింది. ఆయన చెప్పిన మాటలు సగం విన్నాడో లేదో. ఇంగ్లీషు, పైగా పులిహోర ప్యాకెట్లు లెక్క తప్పాయని వెనకాల గొడవ. శాలువా ఆయన భుజాల మీద కప్పి, అలవాటు కొద్దీ మైకు అందుకున్నాడు.

"మన పిల్లలందరికి సదువు జెప్పిన గురువుగారు, పెద్దలు పద్మనాభం గారికి, ఒక్కసారి గట్టిగా..."

శశీ ఆపు! అని చాముండేశ్వరి నోరు తెరిచింది. శబ్దం రాలేదు.

హాలు లేచి నిలబడింది. మూడు వందల మంది. ఆరు వందల చేతులు. పిల్లలు ఈలలేశారు. గురువుగారు కదా. ఇంగ్లీషులో ఏం చెప్పాడన్నది ఎవడికి కావాలి? చెప్పిన మాటలు విని మొహం మాడ్చుకున్నవాళ్ళు కూడా పక్కవాడు లేస్తే లేచారు, కూర్చుంటే బావుండదని. ఆయన ఆపమన్నట్టు చెయ్యెత్తాడు. శాలువా జారింది. దాన్ని పట్టుకోబోయి రెండు చేతులూ దగ్గరకొచ్చాయి. దండం పెడుతున్నాడనుకుని హాలు ఇంకా రెచ్చిపోయింది.

అప్పుడు చూసింది ఆమె పెట్టె వైపు. ముల్లు గాజు ముఖం అంచుకి కొట్టుకుంటూ వణుకుతోంది.

డెబ్రా మొహం పాలిపోయింది. అయినా లైవ్ లైవే. "మొదటి పక్షానికి పంతొమ్మిది. రెండో పక్షానికి తొంభై నాలుగు. ఈ హాలు, పిల్లలు ఉండకూడదని చెప్పింది" అని చదివేసింది. దానికీ చప్పట్లు కొట్టారు.

చాముండేశ్వరికి ఒక నిమిషం చెవులు పనిచేయలేదు. జనం నోళ్ళు కదులుతున్నాయి, నవ్వుతున్నారు, ఫోటోలు తీసుకుంటున్నారు. ఫోన్ వణికింది. డల్లాస్ నుంచి రాజ్, సరిగ్గా చప్పట్ల దగ్గర రేడియో పెట్టినట్టున్నాడు. 'ఏం చప్పట్లు! అదరగొట్టావ్!' దాని వెనకాల చప్పట్ల బొమ్మలు ఒక వరుస. కట్టుకున్నవాడికి కూడా తెలియలేదు ఆ చప్పట్లు ఎవరివో.

ఆ వరుస చూశాక ఆమెకి గొంతొచ్చింది. మైకు లేదు, అక్కర్లేదు కూడా.

"ఏం చేశారో తెలుసా మీరు? ఓటేశారు! మీ పిల్లలు పోవాలని ఓటేశారు! చప్పట్లే ఓటు. మీరు చదివి చావలేదు!"

నవ్వులు ముందు వరుసల్లో ఆగాయి. అక్కణ్ణించి నెమ్మదిగా వెనక్కి ఆగుతూ పోయాయి. ఒకళ్ళ మొహం ఒకళ్ళు చూసుకున్నారు. శశికాంత్ స్టేజీ మెట్ల మీదే చతికిలపడ్డాడు.

"అక్కా, నా కొడుకు... నేనే గద మైకు వట్టుకున్న..."

చాముండేశ్వరి డెబ్రా మీద పడింది. "మళ్ళీ కొలవండి. వాళ్ళకి తెలీదు."

"నేను నియమాలు చదివాను" అంది డెబ్రా. ఆవిడ కళ్ళల్లోనూ నీళ్ళున్నాయి. "అది గాల్లోకి వెళ్ళిపోయింది. చివర్లో మూడు నిమిషాలుంది. ఇంతవరకూ మాట్లాడనివాళ్ళు ఎవరైనా మైకు దగ్గరకొచ్చి మాట్లాడొచ్చు. పేరు, ఊరు చెప్పాలి. అంతవరకే నేను చేయగలను."

హాలు మధ్యలో మైకు పెట్టారు. మూడు నిమిషాలు. పొరపాటు జరిగిందని ఒక్కరు వచ్చి చెబితే చాలు.

ఎవరూ కదల్లేదు. చాముండేశ్వరి ఒక్కొక్క మొహాన్నీ చూసింది. అంకిత చూపు తిప్పుకుంది. ఆ పక్కాయన ఫోన్‌లో ఏదో ముఖ్యమైనది చూస్తున్నాడు. రేడియోలో పేరా? కేసు పెండింగ్‌లో ఉంది కదా. రేపు ఇంకేమన్నా అయితే? ఆ లెక్కలు ఆమెకి తెలుసు. పదమూడేళ్ళు తనూ వేసుకున్న లెక్కలే.

నిధి లేచి మైకు దగ్గరకి నడిచింది. పేరు చెప్పింది. జెర్సీ సిటీ అంది. "మా అమ్మ నాకు చెప్పలేదు. మాస్టారు అన్నది నిజం. నాకు కోపం ఉంది. బట్, ఐ స్టిల్ లివ్ హియర్" అంది. అంతే, వెనక్కొచ్చి కూర్చుంది. మిగిలిన రెండు నిమిషాలపైన రేడియోలో వినిపించింది కుర్చీల కిర్రుమనే చప్పుడు, ఎవరి పాపో ఏడుపు.

నాలుగింటికి ప్రసారం అయిపోయి ఎర్రలైటు ఆరింది.

బయట పార్కింగ్ లాట్లో జనం పులిహోర ప్యాకెట్లు పట్టుకుని కార్ల వైపు నడుస్తున్నారు. అంకిత పరిగెత్తుకుంటూ వచ్చి చాముండేశ్వరి చెయ్యి పట్టుకుంది.

"ఏడిపించేశావ్ చామూ. నా వల్ల కాలేదు, తెల్సా? నీ స్పీచే బెస్ట్."

ఆమె ఆ చేతిని చూసింది. చప్పట్లకి ఇంకా ఎర్రగా ఉంది.

"మీ నిషా వయసెంత అంకితా?"

"పదహారు. ఎందుకు?"

చాముండేశ్వరి కారెక్కింది. స్టార్ట్ చేసి, లాట్‌కి ఉన్న ఒకే ఒక్క గేటు దగ్గరకి పోనిచ్చి, దారికి అడ్డంగా తిప్పి, ఇంజిన్ ఆపి, తాళంచెవి చేతిలో పట్టుకుని దిగింది.

"అమ్మా, వాట్ ఆర్ యూ డూయింగ్?" నిధి పరిగెత్తుకొచ్చింది.

"కాంగ్రెస్‌మన్ ఆఫీస్ నంబర్ కొట్టు. ఆదివారం, వాయిస్‌మెయిల్ వస్తుంది. ఒక్కో కారు దగ్గరకి తీసుకెళ్ళు. పేరు, ఊరు, చప్పట్లు ఎందుకు కొట్టారో చెప్పాలి. చెప్పినవాళ్ళకే దారి."

"దే విల్ హేట్ యూ."

"హేట్ చేసుకోనీ."

నిధి తల్లి మొహంలోకి చూసింది. "నువ్వు నాకు చెప్పుండాల్సింది" అంది.

"చెప్పుండాల్సింది" అంది చాముండేశ్వరి. "భయమేసింది. వాళ్ళకి ఇప్పుడు వేస్తున్నట్టే."

నిధి ఫోన్ తీసింది.

హారన్లు మొదలయ్యాయి. ఒకాయన కిటికీ దించి, "పోలీసుల్ని పిలవమంటావా?" అని అరిచాడు. "పిలువు. పేరు, ఊరు వాళ్ళకైనా చెప్పాలి" అంది. ఆయన కిటికీ ఎక్కించుకున్నాడు. మొదటి కారు శశికాంత్‌ది. ఫోన్ తీసుకుని ముందు పేరు చెప్పాడు. తర్వాత ఇంగ్లీషు మొత్తం మర్చిపోయి తెలుగులోనే చెప్పేశాడు. నా కొడుకు విహాన్, వాడికి పదిహేడు, నేను శాలువా కప్పిన, ఓటెయ్యలే సార్. కళ్ళు తుడుచుకుని ఫోన్ వెనక్కిచ్చాడు. చాముండేశ్వరి కారు రెండడుగులు వెనక్కి తీసి అతన్ని పోనిచ్చి మళ్ళీ అడ్డం పెట్టింది. రెండో కారువాళ్ళు పేరు చెప్పం, పొమ్మన్నారు. వాళ్ళని పోనివ్వలేదు. పక్కన ఆపించింది. మూడోది పద్మనాభం గారి పాత టొయోటా.

ఆయన శాలువా పక్కసీట్లో మడిచి పెట్టుకున్నాడు. మొహం వాడిపోయి ఉంది.

"దారి ఇవ్వమ్మాయ్."

"మీరు కూడా చెప్పాలి మాస్టారూ."

"నా మాట మారదు. చెప్పిందంతా నమ్మే చెప్పాను."

"మార్చమనలేదు. గెలిచారా మీరు?"

వెనక ఎవరో హారన్ నొక్కిపట్టి వదలడం లేదు.

"పెట్టెలో ఆ అంకె చూసి నాకు సిగ్గేసింది" అన్నాడు ఆయన. "నా మాట విని ఒక్కడు లేచినా సంతోషించేవాణ్ణి. ఒక్కడూ వినలేదు."

"ఆ మాటే చెప్పండి."

నిధి ఫోన్ చాపింది. ఆయన అందుకున్నాడు. బీప్ వచ్చేదాకా ఆగాడు. పేరు చెప్పాడు, ఎడిసన్ అన్నాడు, పౌరుణ్ణి, ముప్ఫై ఎనిమిదేళ్ళుగా ఓటు వేస్తున్నానన్నాడు. "ఇవాళ రేడియోలో నెగ్గిన పక్షం నాది. నా అభిప్రాయం అదే, మారలేదు. కానీ మీరు విన్న చప్పట్లు నా అభిప్రాయానికి పడినవి కావు. పంతుల్ని కాబట్టి పడ్డాయి. మా వాళ్ళు పెద్దవాళ్ళకి అలా కొడతారు. ఆ అంకెని పట్టుకుని మీరు నిర్ణయం చేస్తే అబద్ధం మీద చేసినట్టు. ఈ హాలు ఏమనుకుంటోందో మీరు ఇంకా వినలేదు. మళ్ళీ అడగండి."

ఫోన్ నిధి చేతిలో పెట్టాడు. ఆ పిల్ల చెయ్యి ఒక క్షణం వదల్లేదు.

"చాలా?" అన్నాడు చాముండేశ్వరితో.

చాలదు. ఒక ముసలాయన మాటకి సంతకం పడుతుందో లేదో ఎవడికి తెలుసు? మార్చి పదకొండు అక్కడే ఉంది. ఆమె కారెక్కి వెనక్కి తీసింది. టొయోటా వెళ్ళిపోయింది. దాని తోకపట్టుకుని అంకిత కారు దూసుకురాబోయింది.

చాముండేశ్వరి బ్రేక్ మీంచి కాలు తీసి, మళ్ళీ గేటుకి అడ్డం వచ్చి ఆగింది. కిటికీ దించింది.

"ఆయనకి ఇచ్చాను దారి. నీకు కాదు. నిధీ, అంకిత ఆంటీకి ఫోన్ ఇవ్వు."